రొట్టె అడుగు చప్పుడు

రాత్రి రెండున్నర.
పిండి పొంగడానికి ఇంకా నలభై నిమిషాలు.
ఈస్టు డబ్బాకి ఆనించి ఫోను నిలబెట్టాను,
పగిలిన గాజు మీద నా పిండి వేలిముద్ర.
"ఏటే గుంటా అది?" అన్నాడు అప్పలకొండ మేస్త్రి.
"జపాన్ బొమ్మల సీరియల్. బేకరీ కథ.
ఈ రాత్రే మొదలు, మొదటి ఎపిసోడ్."
"బేకరీలో కూకుని బేకరీ సూడ్డమేటే" అంటూనే
గోనెసంచి మీద పక్కకి జరిగి చోటిచ్చాడు.

తెర మీద వీధి. వాన కడిగిన రాళ్లు.
నా ఈడు పిల్ల,
కళ్లు మాత్రం నావి రెండూ కలిపితే ఆమెది ఒకటి.
తాళం తీసి పాత షట్టరు ఒక్క వేలితో ఎత్తింది.
మేం ఎత్తం, తంతాం, ఇద్దరం కలిసి,
ఉప్పుగాలి తినేసిన మా కోటవీధి షట్టర్ని.

కింద ఇంగ్లీషు అక్షరాలు పరిగెడుతుంటే
అందినవి అందినట్టు తెలుగులో చెప్పాను.
తాత పోయాడట. పొయ్యి మిగిలిందట.
"మరి అప్పులో?"
అప్పుల మాట ఇంకా రాలేదన్నాను.
"వస్తాది. మూడో దాంట్లోనో నాలుగో దాంట్లోనో వస్తాది."

ఆ పొయ్యికి రొద లేదన్నాడు.
పిల్లకి చెమట పట్టదేమన్నాడు,
మోచేతి మీద ఒక్క కాలిన మచ్చ చూపించమన్నాడు.
మైదా బస్తా దించిన కళాసీ ఏడీ?
ట్రేలెవరు తోముతున్నారు?
"అదడుగు, అదడుగు" అంది నూకరత్నం
సింకులోంచి చేతులు తియ్యకుండానే.

నేను మాట్లాడలేదు. నాకక్కడి పిండి నచ్చింది.
చెప్పిన మాట వినే పిండి.
మా పిండికి ఆగస్టులో సముద్రం పూనుతుంది,
వేళ్లని పట్టుకుని వదలదు.
మేస్త్రి గుమ్మంలో నిలబడి గాలి వాసన చూసి
"నీళ్లు గుప్పెడు తగ్గించు, తూర్పుగాలి" అంటాడు.
ఆ పిల్లకి అలా అనేవాళ్లెవరూ లేరు.
మొదటి వాయి మాడిపోయింది.
గుడ్డంత కన్నీళ్లు కార్చింది.
మేస్త్రి నవ్వాడు:
"నా మొదటి వాయి హార్బరు కుక్కలే
వాసన సూసి వొగ్గేసినాయి."

రెండో వాయి. సంగీతం ఆగిపోయింది.
ఆ పిల్ల రొట్టెని బోర్లించి
వేలి కణుపుతో అడుగు తట్టి చెవి ఆనించింది.
టొక్.

మేస్త్రి చెయ్యి చాచాడు. "ఎనక్కి తిప్పు."
టొక్.
"ఇంకోపాలి. సౌండు పెంచు."
ఫోనే తీసుకుని కుడిచెవికి నొక్కుకున్నాడు.
ఎడమది ఎప్పుడో షిప్‌యార్డుకి ఇచ్చేశాడు,
పదహారేళ్ల సుత్తిదెబ్బలకి.
చాలాసేపు అలాగే ఉన్నాడు,
అవతల ఎవరో ఊరి కబుర్లు చెబుతున్నట్టు.

"ఈ బొమ్మేసినోడు ఎక్కడో పొయ్యి కాడ నిలబడ్డాడే."

రెండేళ్లుగా నేను రంగు చూసి రొట్టె దించుతున్నాను.
చప్పుడు సంగతి ఆయన ఎప్పుడూ చెప్పలేదు.

మూడున్నరకి పొయ్యి తలుపు తెరిచాం.
మొదటి రొట్టెని గుడ్డలో పట్టి తిప్పాడు, తట్టాడు,
కుడిచెవి దగ్గర పెట్టాడు.
మళ్లీ తట్టాడు.
తర్వాత నా వైపు చాచాడు,
నా మొహం చూడకుండా.
"నువ్వినే. నాకీ మధ్య సరిగ్గా అందట్లేదు."

చెవి కాలింది.
లోపల తడి గోడని తట్టినట్టు మొద్దు చప్పుడు.
"ఇంకో రెండు నిమిషాలు" అన్నాను.
నాకంటే ఎక్కువ తెలిసిన చేతులు
మాట్లాడకుండా తలుపు మూసేశాయి.

రెండు నిమిషాల తర్వాత ఇంకోటి తట్టాను.
ఖాళీ ఇంటి తలుపు కొడితే
లోపల్నించి ఎవరో "ఆఁ" అన్నట్టు.

అప్పటికే పడవలవాళ్లు బన్నుల సంచులకోసం
బయట షట్టరు తంతున్నారు.
నేను ఫోను మీద పిండి తుడుచుకుంటుంటే
నూకరత్నం తడి చేతులు చీరకి ఒత్తుకుంటూ అడిగింది,
రెండోది ఎప్పుడూ అని.
శుక్రవారం అన్నాను.
"ట్రేలు తోమితే నన్ను పిలు."